మీగడ గలిసిన మధువు

భోజనము ముగిసిన పిమ్మట తీపి వడ్డించుటయు, తీపి తరువాత బ్రాందీయో మరియొక గాఢమైన మద్యమో చిన్న పాత్రతో అందించుటయు పాశ్చాత్యుల విందులలో చిరకాలముగా సాగుచున్న మర్యాదలు. ఈ రెండు మర్యాదలను ఒక్క గ్లాసులోనికి తెచ్చిన పానీయములు ఇరువదవ శతాబ్దపు తొలి దశాబ్దములలో న్యూయార్కు, లండను నగరముల పానశాలలలో రూపుదిద్దుకొని, తరువాత గృహస్థుల భోజనపు బల్లల మీదికిని చేరినవి. వానిలో అగ్రస్థానము నా దృష్టిలో బ్రాందీ అలెగ్జాండరునకే చెల్లును. ద్రాక్షసారమగు బ్రాందీ, కోకో గింజల పరిమళము గల లిక్యూరు, పాల మీగడ, ఈ మూడింటిని ఐసు ముక్కలతో గిలకొట్టి, వడగట్టి, పైన రవ్వంత జాజికాయ పొడి రాల్చినచో పానీయము సిద్ధమగును. చెప్పుటకు ఇంతే. అయినను ఇంటిలో చేయబూనినవారికి తరచుగా లభించునది చప్పని చాక్లెట్టు పాలవంటి ద్రవమో, పైన జిడ్డు తేలిన నీరో, రెండవ గుక్కకే వెగటు పుట్టించు తీపియో అగుచుండును. ఈ మూడు దోషములకును మూలము ఒక్కటే: మద్యమును గూర్చి శ్రద్ధ వహించినవారు సైతము మీగడ స్వభావమును విచారింపరు. ఆ స్వభావము తెలిసినయెడల తక్కిన పని సుకరము.

అలెగ్జాండర్ అను పేరు ఎట్లు వచ్చెనను విషయమున కథలు పెక్కు కలవు. నాకు మిక్కిలి ఇష్టమైనది ఒక రైలుబండి కథ. అమెరికాలోని లాకవానా రైల్వే కంపెనీవారు తమ యింజనులలో పొగ తక్కువగా వెలువరించు ఆంత్రసైటు బొగ్గును వాడుచుండిరి. ఆ గొప్పను చాటుటకై, తెల్లని దుస్తులు ధరించి ఎంత దూరము ప్రయాణించినను మసి అంటని ఫీబీ స్నో అను కల్పిత సుందరిని తమ ప్రకటనలలో సృష్టించిరి. ఆ సుందరి పేరిట జరిగిన విందు కొరకు, న్యూయార్కునందలి రెక్టర్స్ భోజనశాలలో పనిచేయు ట్రాయ్ అలెగ్జాండర్ అను బార్‌టెండరు ఆమె దుస్తులవలె ధవళమైన పానీయమును కల్పించెనని చెప్పుకొందురు. 1922 లో ఆంగ్ల రాజకుమారి మేరీ వివాహ సందర్భమున ఇది పుట్టెనని మరికొందరందురు గాని ఆ మాట నిలువదు; ఏలయన హ్యూగో ఎన్‌స్లిన్ అను ఆయన 1916 లో న్యూయార్కున ప్రకటించిన పానీయముల పుస్తకమునందే అలెగ్జాండర్ కనబడుచున్నది. అందు బ్రాందీ లేదు, జిన్ను కలదు. జిన్ను, కోకో లిక్యూరు, మీగడ సమభాగములుగా కలుపవలెనని ఆయన వ్రాసెను. లండనునందలి సావోయ్ హోటలు పేరిట హారీ క్రాడక్ 1930 లో వెలువరించిన సుప్రసిద్ధ గ్రంథమున జిన్నుతో చేయునది మొదటిదిగను, బ్రాందీతో చేయునది రెండవదిగను చేర్చబడినవి. కాలక్రమమున రెండవదే మొదటిదానిని మరుగుపరచెను. అది న్యాయమే. జిన్నులోని జూనిపరు కాయల ఘాటు మీగడతో పొసగక వేరుగా నిలుచును. ఓకు పీపాలో పక్వమైన బ్రాందీ వెనిల్లాను, ఎండిన పండ్లను తలపించు వాసన గలదగుటచేత కోకోతో చెలిమి చేయును.

పాలును మద్యమును కలుపుట అంతకు ముందెరుగని సాహసము కాదు. 17వ శతాబ్దపు ఇంగ్లాండులో వేడిపాలను వైనుతోనో ఏల్ అను బీరుతోనో విరుగగొట్టి పాసెట్ అను పానీయమును, మీగడను వైనుతో నురుగెత్తించి సిలబబ్ అను తీపిని చేయుచుండిరి. అమెరికా రాజ్యనిర్మాతలలో ఒకడగు బెంజమిన్ ఫ్రాంక్లిన్ 1763 లో తన మిత్రుడు జేమ్స్ బౌడిన్‌నకు వ్రాసిన లేఖతో పాటు మిల్క్ పంచ్ చేయు విధానమును గూడ పంపెను: నిమ్మతొక్కలు నానిన బ్రాందీలో నిమ్మరసము, చక్కెర, జాజికాయ చేర్చి, మరిగిన పాలు పోసి, విరిగిన పిమ్మట వడగట్టవలెను. విరుగుడు తునకలు బ్రాందీలోని ఒగరును తమతో పట్టుకొనిపోగా, తేటయై నునుపైన పానీయము మిగులును. ఆ పూర్వులు బుద్ధిపూర్వకముగా పాలను విరిచిరి. అలెగ్జాండరు చేయువారు కోరునది దీనికి కేవలము విపర్యయము. ఇందు మీగడ విరుగరాదు, విడివడరాదు, వెన్నయు కారాదు.

మీగడ యనగా నీటిలో తేలియాడు సూక్ష్మమైన కొవ్వుబిందువుల సముదాయము. ఒక్కొక్క బిందువు మిల్లీమీటరులో కొన్ని వేయవవంతుల పరిమాణము గలదై, తన చుట్టును సన్నని పొర కలిగియుండును. ఆ పొర చెదరనంతవరకు బిందువులు ఒకదానితో నొకటి కలియవు. చల్లని మీగడను గిలకొట్టినప్పుడు, బిందువులలోని కొవ్వు కొంతమేరకు గడ్డకట్టి యుండుటచేత, దాని స్ఫటికములు పొరను చీల్చుకొని పొరుగు బిందువునకు అంటుకొనును. ఇట్లు గొలుసుకట్టిన బిందువులు గాలిబుడగలను చుట్టుముట్టి కదలనీయవు. నురుగు నిలుచుటకు కారణమిదియే. గిలక ఇంకను సాగినను, నడుమ వెచ్చదనము సోకినను, ఆ గొలుసులు గుంపులై నీటిని విడిచి వెన్నపూసగా తేలును. కొవ్వు పూర్తిగా కరగునంతటి వేడిమిలోనైతే నురుగును లేదు, వెన్నయును లేదు. వేసవిలో చల్లనీళ్లు పోసిననేగాని కవ్వమునకు వెన్న ముద్దకట్టదని మన ఇల్లాండ్రకు అనాదిగా తెలిసిన సంగతియే గదా! వెన్న కావలసినవారికి ఒక మోస్తరు చల్లదనము చాలును. నురుగు కావలసిన మనకు అంతకు మించిన చలువయు, స్వల్పకాలపు గిలకయు అవసరము.

మద్యము తగిలినంతనే పాలు విరుగునని భయపడువారు పెక్కురు కలరు. డెయిరీలలో పాల తాజాతనమును తేల్చుటకు చేయు ఒక పరీక్ష ఈ భయమును తీర్చగలదు. గాజు గొట్టములో కొంచెము పాలు పోసి, దానికి సమానముగా సుమారు 70 శాతము ఆల్కహాలు గల ద్రవమును కలిపి కుదిపి చూతురు. పాలు పులియ నారంభించియున్నచో గొట్టపు గోడకు తెల్లని రవ్వలు అంటుకొనును, తాజావైనచో నునుపుగా జారును. అంతటి గాఢతకు తాళుకొను పాలు, మన గ్లాసులో 20 శాతమునకు అటుఇటుగా నుండు ఆల్కహాలునకు చెడవు. పాలకు నిజమైన శత్రువు పులుపు. తాజా పాల పి.హెచ్. విలువ 6.6 ప్రాంతమున నుండును. పులుపు చేరి అది 4.6 ను సమీపించునప్పుడు కేసీన్ అను మాంసకృత్తు ముద్దలు కట్టును. కావున నారింజ, అనాస, నిమ్మ మొదలగు రసములను ఈ పానీయము దరికి రానీయరాదు. అట్లే, ఫ్రిజ్జులో నాలుగైదు నాళ్లు తెరచి యుంచిన మీగడ నాలుకకు పులుపు తెలియకున్నను లోలోపల పులిసియుండుటచేత, బ్రాందీ సోకగానే విరుగుటకు సిద్ధముగా నుండును.

ఇక ఏ మీగడ? కాచిన పాలపై కట్టిన ఇంటి మీగడ రుచికి సాటిలేనిదే గాని ఇందుకు పనికిరాదు. అది తరకలు తరకలుగా నుండుటచేత వడపోతలో సగము నిలిచిపోవును, మిగిలినది నాలుకకు పొట్టువలె తగులును. అమెరికాలో హెవీ క్రీమ్ అను పేరిట అమ్మునందు కనీసము 36 శాతము, ఇంగ్లాండువారి డబుల్ క్రీమునందు 48 శాతము కొవ్వు ఉండును. అక్కడి వంటపుస్తకములలోని కొలతలు వీనిని దృష్టియందుంచుకొని వ్రాసినవి. మన దుకాణములలో కాగితపు డబ్బాలలో వచ్చు ఫ్రెష్ క్రీమునందు సాధారణముగా కొవ్వు 25 శాతమే. దానిని కుదుపక ఒక రాత్రి ఫ్రిజ్జులో నుంచి, మరునాడు డబ్బా పైభాగమును కత్తిరించి, గడ్డగా పేరుకొన్న పైమీగడను చెంచాతో తీసికొని, అడుగున మిగిలిన పలుచని నీటిని వేరొక వంటకు వాడుకొనుట ఉత్తమము. పాలనుండి తీసిన విప్పింగ్ క్రీము దొరకినచో ఇంకను మేలు. అయితే కేకులపై అలంకరించుటకు అమ్మబడు టాపింగులలో పెక్కింటియందు పాలకొవ్వు బదులు గడ్డకట్టించిన నూనెలుండును. అవి ఎంత ఠీవిగా నురుగెత్తినను అంగిటికి మైనపు పొర పూసినట్లుండి, బ్రాందీ రుచిని పైకి రానీయవు. డబ్బాపై చిన్న అక్షరములు చదివిననేగాని కొనరాదు.

బ్రాందీ విషయమున ఒక వివేచన వలెను. ఫ్రాన్సులోని కోన్యాక్ ప్రాంతమున తెల్లద్రాక్షల వైనును రాగిబట్టీలో రెండుమార్లు మరిగించి తీసిన సారమును కనీసము 2 సంవత్సరములు ఓకు పీపాలలో నుంచి అమ్ముదురు, సీసాపై వి.ఎస్. అని యున్నచో 2 ఏండ్లు, వి.ఎస్.ఓ.పి. అనినచో 4 ఏండ్లు, ఎక్స్.ఓ. అనినచో 10 ఏండ్లు తక్కువకాకుండ పీపాలో గడిపినదని అర్థము. ఈ పానీయమునకు వి.ఎస్. చాలును, వి.ఎస్.ఓ.పి. శ్రేష్ఠము. పదేండ్ల ఎక్స్.ఓ.ను మీగడలో ముంచుట ఆ సారమును తీర్చినవారి శ్రమకు అపచారమని నేను నమ్ముదును. దాని సూక్ష్మ పరిమళములేవియు కోకో వెనుకనుండి వినిపింపవు. మన దక్షిణ రాష్ట్రములలో బ్రాందీకి ఆదరణ మెండే గాని, ఆ పేరిట దొరకునందు అధికభాగము మొలాసిస్‌నుండి తీసిన స్పిరిటుతో తయారగునది. అట్టిది వాడిననుకూడ పానీయము కాకపోదు. ద్రాక్షనుండి తీసినదని సీసాపై స్పష్టముగా నున్నదానిని వెదకికొన్నచో మాత్రము రుచిలోని అంతరము మొదటి గుక్కకే తెలియును.

కోకో లిక్యూరును ఫ్రెంచివారు క్రెమ్ ద కకావో అందురు. ఇది పాలతో చేసినది కాదు. కోకో గింజల సారమును ఆల్కహాలులో దింపి, లీటరుకు 250 గ్రాములకు తగ్గకుండ చక్కెర చేర్చిన ద్రవము. గోధుమవన్నెది, రంగులేనిది అని రెండు విధములు. బ్రాందీతో గోధుమవన్నెదియే పొసగును. ఇది మన ఊళ్లలో దొరకుట అరుదు. దొరకలేదని చాక్లెట్టు సిరప్పు పోయువారున్నారు. అది వలదు, దాని చిక్కదనము అడుగున పేరుకొని పానీయమును రెండు పొరలుగా చేయును. దానికంటె ఎంతో మేలైన మార్గమొకటి మన ఇంటి ముంగిటనే యున్నది. దేశమున కోకో పంటకు ఆంధ్రప్రదేశమే అగ్రస్థానము. ఏలూరు, పశ్చిమ గోదావరి ప్రాంతములలో కొబ్బరితోటల నీడలో కోకో చెట్లు పెరుగుచున్నవి. వేయించి పొట్టుతీసి నలుగగొట్టిన కోకో పలుకులు నిబ్స్ అను పేరిట ఇప్పుడు సులభముగా లభించుచున్నవి.

100 గ్రాముల నిబ్స్‌ను శుభ్రమైన గాజుసీసాలో పోసి, 350 మిల్లీలీటర్ల వోడ్కా వంచి, మూత బిగించి, ఎండ తగులని చోట వారము దినములుంచి, దినమున కొకసారి కుదుపవలెను. రెండవనాటికే ద్రవము టీ రంగునకు తిరుగును. వారమునాటికి ముదురు కాఫీ డికాక్షను వలె నల్లబడి, మూత తీయగానే చాక్లెట్టు కంటె ముందు వేయించిన గింజల చేదువాసన ముక్కునకు సోకును. అప్పుడు 250 గ్రాముల చక్కెరను 150 మిల్లీలీటర్ల నీటిలో మరిగించి, పూర్తిగా చల్లార్చి అందులో పోసి, వెనిల్లా చెంచాడు చేర్చి, మరియొక దినముంచి పలుచని గుడ్డతో వడగట్టవలెను. వేడి పాకమును పోసినచో ఆల్కహాలు ఆవిరియై పరిమళమును వెంటగొనిపోవును. గింజలలోని కోకో వెన్న కొంత ద్రవములోనికి దిగి, పైన సన్నని జిడ్డుగా తేలుట సహజము. సీసాను ఒక రాత్రి ఫ్రీజరులో నుంచినచో ఆ జిడ్డు గడ్డకట్టును, మరల వడగట్టి తీసివేయవచ్చును. ఇట్లు చేసిన లిక్యూరు తీపిలో కొంచెము చేదును నిలుపుకొనుటచేత, కొన్నదానికంటె నాకు ప్రియతరము.

ఇప్పుడు కలుపుట. 45 మిల్లీలీటర్ల బ్రాందీ, 30 మిల్లీలీటర్ల కోకో లిక్యూరు, 30 మిల్లీలీటర్ల మీగడ ఒకరికి సరిపోవు కొలత. పాతపుస్తకముల సమభాగముల పద్ధతి నేటి నాలుకకు అతిమధురము. గ్లాసును ముందుగనే ఫ్రీజరులో నుంచవలెను. షేకరు లేనివారు మూత బిగువుగా పట్టు స్టీలు డబ్బాను వాడుకొనవచ్చును. గాజుసీసా పగులు ప్రమాదము కలదు. ద్రవములు మూడును పోసిన తరువాతనే ఐసు వేయవలెను; ఐసు ముక్కలు పెద్దవిగను, గట్టివిగను, డబ్బాలో మూడింట రెండువంతులు నిండునట్లుగను ఉండవలెను. పిదప మూత బిగించి, రెండు చేతులతో పట్టి, భుజము ఎత్తున ముందువెనుకలకు గట్టిగా ఆడింపవలెను. మొదట ఐసు గలగలమని మోగును. మీగడ చిక్కబడినకొలది ఆ మోత మందగించి, గుడ్డలో చుట్టిన గులకరాళ్ల చప్పుడువలె మారును. లోహముపై తెల్లని మంచుపొర కట్టి, వ్రేళ్లు తిమ్మిరెక్కును. పదునైదు సెకండ్లకు ఈ లక్షణములన్నియు కనబడును, అప్పుడు ఆపవలెను. ఈలోపల కరగిన ఐసునీరు సుమారు నాలుగవ వంతు చేరును. అది లోపము కాదు, ఆ నీరు లేనియెడల పానీయము గొంతున మండును.

సన్నని జల్లెడగుండ గ్లాసులోనికి వడగట్టినచో, లేత బాదంపొట్టు వన్నెగల ద్రవముపై వ్రేలి మందమున నురుగు నిలుచును. జాజికాయ దంచిన పొడి వలదు. దంచిన కొలది దినములకే దాని తైలము ఎగిరిపోవును. కాయను నిలువున చీల్చి చూచినచో, తెలుపుపై గోధుమవన్నె నరములు పాలరాతి గీతలవలె అల్లుకొని యుండుట కనబడును. పరిమళతైలము ఆ నరములయందు దాగియున్నది. అట్టి కాయను గ్లాసుపై పట్టి సన్నని తురుముపీటపై రెండుమార్లు రాచినచాలును. నాసిక గ్లాసును సమీపించినప్పుడు మొదట జాజికాయయు, పెదవి తగిలినప్పుడు మీగడయు, గుటక వేసిన పిమ్మట కోకోయు, చిట్టచివర బ్రాందీ వెచ్చదనమును తెలియవలెను. ఈ క్రమము కుదిరినదా, చేసినది సరియైనదే.

ఈ క్రమములో బ్రాందీ చిట్టచివర వచ్చుట పానీయపు సౌందర్యము. ప్రమాదమును అక్కడనే యున్నది. లెక్క చూతము. 42.8 శాతము గాఢతగల మన బ్రాందీ 45 మిల్లీలీటర్లలో సుమారు 19 మిల్లీలీటర్ల శుద్ధ ఆల్కహాలు, 24 శాతము లిక్యూరు 30 మిల్లీలీటర్లలో 7 మిల్లీలీటర్లు, వెరసి 26. 30 మిల్లీలీటర్ల చిన్న పెగ్గులో నున్నది 13 మాత్రమే. అనగా ఐస్‌క్రీమువలె తోచు ఒక్క గ్లాసు రెండు చిన్న పెగ్గులతో సమానము; నాలుక దానిని గుర్తింపజాలదు. 1962 లో బ్లేక్ ఎడ్వర్డ్స్ దర్శకత్వమున వచ్చిన డేస్ ఆఫ్ వైన్ అండ్ రోజెస్ అను చలనచిత్రమునందు, మద్యమనిన ఇష్టములేక చాక్లెట్టు మాత్రమే ప్రియముగా నెంచు యువతికి నాయకుడు మొదట ఇప్పించునది బ్రాందీ అలెగ్జాండరే. ఆ ఒక్క గ్లాసునుండి ఆమె పతనము ప్రారంభమగును. కథకుడు ఈ పానీయమునే ఏరుకొనుటలో ఎంతటి పరిశీలన కలదో ఆలోచింపదగును. 1974 మార్చిలో లాస్ ఏంజిలిస్ ప్రాంతమునందలి ట్రూబడోర్ శాలలో, గాయకుడు హారీ నిల్సన్‌తో కలిసి ఈ పానీయములనే వరుసగా సేవించిన సంగీతకారుడు జాన్ లెన్నన్, వేదికపై నున్నవారిని కేకలతో ఆటంకపరచి బయటకు పంపబడెను. కావున దీనిని తీపిగా నెంచి, భోజనము పూర్తియైన పిదప, ఇతర మద్యమేదియు తీసికొనని దినమున, ఒక్క గ్లాసుతో సరిపెట్టుట నా నియమము. మన రెండు తెలుగు రాష్ట్రములలోను మద్యమునకు చట్టము విధించిన వయస్సు 21. బండి నడుపవలసినవారికిని, గర్భిణులకును, మందులు వాడువారికిని అసలే ఈయరాదు. పిల్లలున్న ఇంట ఇది పాలగ్లాసువలె కనబడునని మరవక, బల్లపై విడిచి లేవరాదు.

ఈ కుటుంబమునకు చెందిన పానీయములు మరికొన్ని కలవు. న్యూ ఆర్లియన్స్‌లో 1856 నుండి నడచుచున్న ట్యుజాగ్స్ భోజనశాల తమదని చెప్పుకొను గ్రాస్‌హాపర్ అందొకటి. పుదీనా లిక్యూరు పచ్చనిది, కోకో లిక్యూరు తెల్లనిది, మీగడ, మూడును సమభాగములు. విస్కాన్సిన్ రాష్ట్రపు సప్పర్ క్లబ్బులలో మీగడకు బదులుగా వెనిల్లా ఐస్‌క్రీమును మిక్సీలో తిప్పి ఈ పానీయములను చిక్కగా చేయుదురు. మన మే నెల వేడికి అది తగినదే, అయితే ఐసు కరగిన నీరు లేనందున లిక్యూరును సగమునకు తగ్గింపవలెను. మద్యము వలదనువారికి నిబ్స్‌ను వోడ్కాకు బదులు వెచ్చని పాలలో అరగంట నానబెట్టి, వడగట్టి చల్లార్చి, చక్కెర పాకము, మీగడ, అరకు కాఫీ డికాక్షను రెండు చెంచాలు చేర్చి, అదే ఐసుతో అదే విధముగా గిలకొట్టి ఈయవచ్చును. ఇంటిలో చేసిన లిక్యూరు మూత బిగించి యుంచినచో నెలల తరబడి నిలువయుండును. తెరచిన మీగడ డబ్బాను మాత్రము రెండు మూడు దినములలో వాడి ముగింపవలెను.